చేరిన తేదీ ఎవరు రాశారు?

(బీడీ కార్మిక స్త్రీల మధ్య పనిచేస్తున్న కార్యకర్తల కోసం నిజామాబాద్‌లో జరిగిన శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



పొద్దున కూలిరేట్ల మీద చర్చ నడిచినప్పుడు ఈ హాలులో ఉన్న ఉత్సాహం, ‘ఇప్పుడు పి.ఎఫ్. ఖాతాల్లో తప్పుల గురించి’ అని ప్రకటించగానే కాస్త తగ్గింది. నేను గమనించాను. నాకేమీ కోపం లేదు. ఫారాలు, నంబర్లు, జిరాక్సులు, ఇంటర్నెట్ సెంటరు ముందు పడిగాపులు... ఇదంతా గుమాస్తా పని, సంఘం పని కాదన్న అభిప్రాయం మనలో చాలామందికి ఉంది. కానీ ఒక్కటి ఆలోచించండి. వెయ్యి బీడీల మీద నాలుగు రూపాయలు పెంచమని నెలల తరబడి ధర్నాలు చేస్తాం. చేయాలి కూడా. అదే కార్మికురాలి ఖాతాలో, ఆమె పనిలో చేరిన సంవత్సరం ఏడేళ్లు ఆలస్యంగా పడితే, ముసలితనంలో నెలనెలా ఎంత పోగొట్టుకుంటుందో లెక్క వేసి చూసినవాళ్లం ఎంతమందిమి? ఆ లెక్క కాసేపట్లో వేద్దాం.

ముందు ఈ డబ్బు ఎవరిదో స్పష్టం చేసుకుందాం. ‘పి.ఎఫ్. ఇస్తున్నరు’ అంటుంటారు మనవాళ్లు, ఎవరో దయతలచి ఇచ్చినట్టు. బీడీ పరిశ్రమలో కూలిలోంచి 10 శాతం కోస్తారు. యజమాని ఇంకో 10 శాతం కట్టాలి. మిగతా చాలా పరిశ్రమల్లో ఇది 12 శాతం. బీడీ, ఇటుక, కొబ్బరిపీచు లాంటి కొన్ని పనులకు మాత్రమే తక్కువ రేటు. ఆడవాళ్ల చేతులు ఎక్కువగా ఉన్నచోటే రేటు ఎందుకు తక్కువైందో వేరే చెప్పక్కర్లేదనుకుంటాను. ఇక యజమాని కట్టే 10లో 8.33 శాతం పెన్షన్ నిధికి పోతుంది. మిగిలిన 1.67 శాతమే ఆమె పి.ఎఫ్.లో జమ అవుతుంది. అంటే యజమాని వాటాలో పెద్ద భాగం ఆమెకు పెన్షన్ రూపంలో రావలసిందే, ఇంకోదారిలో పూర్తిగా చేతికి రాదు. ఈ విషయం గుర్తు పెట్టుకోండి. తేదీల దగ్గరికి వచ్చినప్పుడు మళ్లీ అవసరమవుతుంది.

ఈ హక్కు కూడా తేలిగ్గా వచ్చింది కాదు. పి.ఎఫ్. చట్టం 1952లో వచ్చింది. బీడీ పరిశ్రమకు వర్తింపజేసింది 1977లో. వర్తింపజేసినా కంపెనీలు ఒప్పుకోలేదు. ఇంట్లో కూర్చుని, వంటా వార్పూ మధ్య బీడీలు చుట్టే ఆడవాళ్లు మా కార్మికులెలా అవుతారని కోర్టులకెక్కాయి. 1985లో సుప్రీం కోర్టు వాళ్ల వాదన కొట్టేసింది. ఇంట్లో చుట్టినా, చుట్టిన బీడీని బాగుందనో బాగాలేదనో ఏరి పడేసే అధికారం యజమానిదే కాబట్టి ఆ స్త్రీ ఉద్యోగే అని చెప్పింది. మన అమ్మల తరం సాధించుకున్న గుర్తింపు అది.

అయితే గుర్తింపు వచ్చిందే గాని, ఆ గుర్తింపును కాగితం మీద రాసింది ఎవరు? ఇక్కడ ఉంది అసలు సంగతి. బీడీలు చుట్టే స్త్రీ కంపెనీ ఆఫీసు గుమ్మం ఎక్కదు. ఆమె పేరు, వయసు, పెనిమిటి పేరు టేకేదారు నోటితో చెబుతాడు. కంపెనీ గుమాస్తా తనకు వినపడినట్టు ఇంగ్లీషులో రాస్తాడు. అది రిజిస్టరులోకి పోతుంది. 2012లో కంపెనీలు కంప్యూటర్ ద్వారా చలాన్లు పంపడం మొదలయ్యాక ఇంకెవరో కుర్రాడు ఆ రిజిస్టరు చూసి టైపు చేస్తాడు. 2014లో ఒక్కొక్కరికీ పన్నెండంకెల యు.ఏ.ఎన్. నంబరు వచ్చింది. ఆ తర్వాత ఆధార్‌తో ముడిపెట్టారు. ఇన్ని చేతులు మారిన కాగితాన్ని ఒక్కసారి కూడా ఆమెకు చదివి వినిపించలేదు. ఇరవై ఏళ్ల తర్వాత డబ్బు కోసం పోతే, ‘నీ వివరాలు సరిపోవడం లేదమ్మా’ అంటారు. ఆమె వివరాలు ఆమె ఎప్పుడు ఇచ్చింది గనక?

తప్పులు రెండు రకాలు. ఈ తేడా చెప్పడానికే నేను ప్రధానంగా వచ్చాను. పేరు తప్పయితే డబ్బు ఆగిపోతుంది. అర్జీ తిరిగి వస్తుంది, ఆమె ఏడుస్తూ మన దగ్గరికి వస్తుంది, మనం పరుగెత్తుతాం. తేదీ తప్పయితే ఏదీ ఆగదు. అర్జీ పాసవుతుంది, డబ్బు పడుతుంది, ఆమె సంతోషంగా ఇంటికి పోతుంది. తక్కువ పడిందని ఆమెకూ తెలియదు, మనకూ తెలియదు. మన దగ్గరికి వచ్చే కేసుల్లో దాదాపు అన్నీ పేరు కేసులే ఎందుకంటే తేదీ కేసులు కనపడవు. లేవని కాదు.

పేర్ల సంగతి త్వరగా ముగిస్తాను, మీకు అనుభవమే. తెలుగులో లక్ష్మి ఒక్కతే. ఇంగ్లీషులో చివర ఒక ‘ఐ’నా, రెండా, ‘వై’నా అన్న దాన్నిబట్టి ముగ్గురవుతుంది. గంగామణి ఒకచోట గంగమణి, ఇంకోచోట గంగాముని. ఇంటిపేరు ఒక కాగితంలో ముందుంటుంది, ఒక కాగితంలో వెనక. ఒకదాంట్లో పొడి అక్షరమే ఉంటుంది. ముస్లిం స్త్రీల పేరు చివర ‘బేగం’ ఉంటుంది, ‘బీ’ అవుతుంది, మొత్తానికే పోతుంది. ఒకామె నాతో అన్నది: “గా కాయిదంల ఉన్న పేరుతోని నన్ను ఎవ్వలు పిలువరక్కా, నాకే కొత్తగున్నది” అని.

ఇందులో మన దృష్టికి రావలసిన ఒక తప్పుంది. ఫారంలో తండ్రి పేరు లేదా భర్త పేరు అని ఒక గడి, పక్కన సంబంధం ఏమిటో చెప్పే గడి ఉంటాయి. గుమాస్తా మొదటి గడిలో భర్త పేరు వేసి, రెండో గడిలో ‘తండ్రి’ అని ఉంచేస్తాడు. నేను చూసిన ఖాతాల్లో ఇది అతి మామూలు తప్పు. మగవాళ్ల ఖాతాల్లో ఈ తప్పు ఉండదు. వాళ్లకు పెళ్లయినా తండ్రి పేరు మారదు. మనకే ఒక మగాడి పేరు తీసి ఇంకో మగాడి పేరు పెట్టాల్సి వచ్చింది, అది పెట్టేటప్పుడు అయినా సరిగా పెట్టలేదు.

ఇప్పుడు తేదీలు. ఖాతాలో మూడు తేదీలు చూడాలి. పుట్టిన తేదీ, చేరిన తేదీ, మానేసిన తేదీ. 1995 నవంబరు 16 నుంచి అమల్లో ఉన్న పెన్షన్ పథకంలో లెక్క ఇది: చివరి 60 నెలల సగటు జీతాన్ని సర్వీసు సంవత్సరాలతో హెచ్చించి 70తో భాగిస్తారు. ఒకామె కాగితాలు మన సంఘం దగ్గర ఉన్నాయి. పేరు చెప్పను. ఆమె 2005లో చేరింది, 2024లో మానేసింది. పందొమ్మిదేళ్లు. కానీ కంపెనీవాళ్లు 2012లో కంప్యూటరులోకి ఎక్కించేటప్పుడు పాత రిజిస్టర్లు తిరగేసే ఓపిక లేక, ఎక్కించిన సంవత్సరాన్నే చేరిన సంవత్సరంగా వేశారు. పందొమ్మిది కాస్తా పన్నెండయింది. సగటు జీతం 6,300 అనుకోండి. పందొమ్మిదేళ్లకు నెలకు 1,710 రూపాయలు రావాలి. పన్నెండేళ్లకు 1,080. నెలకు 630 తేడా. ఏడాదికి 7,560. ఆమె ఇరవై ఏళ్లు బతికితే లక్షా యాభై ఒక్కవేల రెండు వందలు. ఒక గుమాస్తాకు ఓపిక లేకపోవడం ఖరీదు అది. పైగా కనీస పెన్షన్ వెయ్యి రూపాయలని 2014లో పెట్టారు గనక, ఆమెకు 1,080 రాగానే ‘కనీసం కంటే ఎక్కువే వచ్చింది’ అని అందరూ సంతోషపడతారు.

ఇంకా ఘోరం పదేళ్ల గీత దగ్గర జరుగుతుంది. పెన్షన్ రావాలంటే పదేళ్ల సర్వీసు ఉండాలి. ఆరు నెలలు దాటిన భాగాన్ని ఏడాదిగా లెక్కిస్తారు కాబట్టి తొమ్మిదిన్నరేళ్లున్నా పది కిందే లెక్క. అంటే చేరిన తేదీలో మూడు నెలలు తేడా వచ్చినా ఒకామెకు జీవితాంతం పెన్షన్ వస్తుందా రాదా అన్నది మారిపోవచ్చు. మన స్త్రీలు ఒక కంపెనీ దగ్గర ఆరేళ్లు చేసి, ఆకు సరిగా ఇవ్వడం లేదని ఇంకో కంపెనీకి మారి ఐదేళ్లు చేస్తారు. రెండు చోట్లా రెండు ఖాతా నంబర్లు. కలిపితే పదకొండేళ్లు. కలపకపోతే రెండూ పదేళ్ల లోపే. ‘నీకు పెన్షన్ రాదు, రెండూ తీసేసుకో’ అని సలహా ఇచ్చే బ్రోకర్లు ప్రతి ఊళ్లో ఉన్నారు. వాళ్లకు కమీషను వచ్చేది డబ్బు తీసినప్పుడే గదా. పెన్షన్ భాగం తీసేసుకున్నదంటే ఆ సర్వీసు తుడిచిపెట్టుకుపోతుంది. కాబట్టి రెండు నంబర్లున్న స్త్రీ కనపడితే ముందు పాత ఖాతాను కొత్త ఖాతాకు బదిలీ చేయించండి. బదిలీ అయ్యాక పి.ఎఫ్. డబ్బు కనపడితే చాలదు, పాత సర్వీసు కూడా వచ్చి చేరిందా అని చూడండి. తాత్కాలికంగా పని మానేసిన స్త్రీకి పదేళ్లు నిండకపోతే, పెన్షన్ డబ్బు తీయకుండా స్కీమ్ సర్టిఫికెట్ తీసుకునే వీలుంది. మళ్లీ పనిలో చేరినప్పుడు ఆ సంవత్సరాలు కలుస్తాయి. ఈ మాట బ్రోకరు చెప్పడు, ఆఫీసులోనూ అడిగితే తప్ప చెప్పరు.

పుట్టిన తేదీది వేరే చిక్కు. పెన్షన్ 58 ఏళ్లకు. ఖాతాలో ఐదేళ్లు చిన్నదిగా పడితే ఐదేళ్లు పెన్షన్ లేకుండా ఎదురుచూడాలి. యాభై నిండాక ముందే తీసుకోవచ్చుగాని ప్రతి ఏడాదికీ 4 శాతం కోత పడుతుంది. పెద్దదిగా పడితే ఇంకా పని చేస్తుండగానే పెన్షన్ నిధికి కట్టడం ఆగిపోతుంది. ఇక మన స్త్రీల ఆధార్ కార్డులు చూడండి, ఎంతమంది జనవరి ఒకటినే పుట్టారో! ఆధార్ క్యాంపులో ‘ఏండ్లెన్ని’ అని అడిగి, చూపుల లెక్కన ఒక సంవత్సరం వేశారు. కొన్నిసార్లు పాత పి.ఎఫ్. రిజిస్టరులో ఉన్న వయసే నిజానికి దగ్గరగా ఉంటుంది, ఆధార్‌లో ఉన్నది తప్పు. అయినా ఆన్‌లైన్‌లో ఆధార్‌తో పోలిక కుదరకపోతే ముందుకు పోదు గనక, ఒప్పును తీసి తప్పు పెట్టమంటారు. దాన్నే ‘కరెక్షన్’ అంటారు. 2024 జనవరిలో పి.ఎఫ్. సంస్థే పుట్టిన తేదీకి రుజువుగా చూపదగిన కాగితాల జాబితాలోంచి ఆధార్‌ను తీసేసింది. జనన సర్టిఫికెట్, పదో తరగతి సర్టిఫికెట్ లాంటివి ఉండాలి. అవేవీ లేనివాళ్లకు సివిల్ సర్జన్ ఇచ్చే వయసు సర్టిఫికెట్, దానికి తోడు కోర్టు అఫిడవిట్. శ్రమే, కాని దారి ఉంది. ఆధార్‌లో పుట్టిన తేదీ మార్చుకునే అవకాశం ఒక్కసారే ఇస్తారు. ఏ తేదీ నిజమో, దేనికి కాగితం దొరుకుతుందో ఇంట్లో కూర్చుని తేల్చుకోకుండా ఆధార్ సెంటరుకు పరుగెత్తించకండి. రేషన్ కార్డు, బ్యాంకు, ఆసరా అన్నీ దానికే వేలాడుతున్నాయి.

ఆసరా అన్నాను కాబట్టి అదీ చెబుతాను. తెలంగాణ ప్రభుత్వం బీడీ కార్మికులకు జీవనభృతి మొదలుపెట్టినప్పుడు, 2014 ఫిబ్రవరి 28 నాటికి పి.ఎఫ్. ఖాతా ఉన్నవాళ్లకే అని షరతు పెట్టింది. 2019లో ఆ భృతి 2,016 రూపాయలైంది. ఆ షరతు న్యాయమా కాదా అన్న మన పోరాటం వేరే. కాని 2005 నుంచి చుట్టిన స్త్రీకి ఖాతాలో చేరిన సంవత్సరం 2015 అని పడితే ఏమవుతుందో ఊహించండి. ఒక్క తప్పు తేదీ రెండు పెన్షన్లను కొడుతుంది.

సరే, దిద్దేదెట్లా? 2025 జనవరిలో పద్ధతి మార్చారు. యు.ఏ.ఎన్. నంబరు 2017 అక్టోబరు ఒకటి తర్వాత వచ్చి, ఆధార్‌తో సరిపోలి ఉంటే పేరు, పుట్టిన తేదీ, తల్లిదండ్రుల పేరు, భర్త పేరు, చేరిన తేదీ, మానేసిన తేదీ కూడా సభ్యురాలే ఆన్‌లైన్‌లో మార్చుకోవచ్చు. యజమాని సంతకం అక్కర్లేదు. అంతకుముందు వచ్చిన నంబరైతే యజమాని ఆమోదించాలి, పి.ఎఫ్. ఆఫీసు దాకా పోనక్కర్లేదు. ఆధార్‌తో ముడిపడని ఖాతాలు, చనిపోయినవాళ్ల ఖాతాలు మాత్రం కాగితం మీద జాయింట్ డిక్లరేషన్ రాసి, యజమాని సంతకంతో ఆఫీసులో ఇవ్వాలి. సౌకర్యమే, కాదనను. కాని మన దగ్గరికొచ్చే స్త్రీలలో ఎక్కువమంది నంబర్లు 2017కు ముందువే. అంటే ఎవరి దగ్గర పొరపాటు మొదలైందో మళ్లీ వాళ్ల సంతకం కోసమే పోవాలి. కంపెనీవాళ్లు మూడు నెలలు తిప్పుతారు. పనిలో ఉన్న స్త్రీ అడగడానికి భయపడుతుంది. అడిగితే ఆకు తగ్గిస్తారని భయం. అందుకే ఒక్కొక్కరుగా పంపకండి. ఒక ఊరి నుంచి ఇరవై మంది అర్జీలు ఒకేసారి, సంఘం లెటర్ హెడ్డు మీద జాబితాతో ఇవ్వండి. ఒక కాపీ మీద ముద్ర వేయించుకుని తేవాలి. ఇక్కడే అది గుమాస్తా పని కాకుండా సంఘం పని అవుతుంది.

కంపెనీ మూతపడితే? జాయింట్ డిక్లరేషన్ మీద గెజిటెడ్ అధికారి, బ్యాంకు మేనేజరు, పోస్టుమాస్టరు, సర్పంచి లాంటివాళ్లు ధ్రువీకరించవచ్చు. కాని తేదీలకు రుజువులు కావాలి, అవి దొరకడం కష్టమవుతుంది. కాబట్టి కంపెనీ నడుస్తున్నప్పుడే, ఆమె పనిలో ఉన్నప్పుడే తేదీలు చూపించుకోవాలి. డబ్బు కావలసిన రోజున చూడటం మొదలుపెడితే అప్పటికి టేకేదారు ఉండడు, రిజిస్టరును చెదలు తినేసి ఉంటాయి.

రుజువుల గురించి ఒక మాట. మన స్త్రీలు ‘నా దగ్గర ఏ కాయిదం లేదు’ అంటారు. ఇంటికిపోయి ట్రంకుపెట్టె అడుగు వెతికిస్తే ఏదో ఒకటి దొరుకుతుంది. పాత పి.ఎఫ్. చీటీ. ఏడాదికోసారి ఇచ్చేవాళ్లు, సన్న కాగితం. కంపెనీ గుర్తింపు కార్డు, ఆకు ఇచ్చినట్టు టేకేదారు రాసిన పుస్తకం, బీడీ కార్మికుల దవాఖానా చీటీ, పిల్లల స్కాలర్‌షిప్ కాగితం, సంఘం సభ్యత్వ రసీదు. వీటిలో ఒక్కటి తేదీతో ఉన్నా దాన్ని పట్టుకుని నడవొచ్చు. ఇంకోదారి సమాచార హక్కు చట్టం. 2005 నుంచి ఉంది. తన సొంత ఖాతాకు సంబంధించి కంపెనీ ఏటేటా పంపిన రికార్డు కాపీలు ఇవ్వమని పి.ఎఫ్. ఆఫీసుకు దరఖాస్తు పెట్టించండి. మనం పోగొట్టుకున్న కాగితం వాళ్ల దగ్గర ఉండవచ్చు.

ఒక హెచ్చరిక. తేదీ తప్పు వేరు, ఎగవేత వేరు. రెండూ చూడటానికి ఒకేలా ఉంటాయి. 2005 నుంచి కూలిలో కోత కోసి, 2012 దాకా అసలు కట్టనే కట్టకపోతే, అది గుమాస్తా పొరపాటు కాదు. అక్కడ చేరిన తేదీ మార్చమని అర్జీ పెడితే ‘ఆ కాలానికి జమలు లేవు’ అని తిప్పి పంపుతారు. అక్కడితో ఆగిపోకూడదు. కోసిన డబ్బు కట్టకపోవడం నేరం, నమ్మకద్రోహం కింద క్రిమినల్ కేసు పెట్టదగిన నేరం. అప్పుడు పెట్టవలసింది దిద్దుబాటు అర్జీ కాదు, బకాయి ఎంతో విచారించి వసూలు చేయమని ఫిర్యాదు. కొన్ని కంపెనీలు మన స్త్రీల చేతనే ‘నేను 2012లోనే చేరాను’ అని వేలిముద్ర వేయించుకుని ఎగవేతను పొరపాటుగా మార్చేస్తాయి. జాయింట్ డిక్లరేషన్ అంటే ఇద్దరూ కలిసి చెప్పేది గదా, ఆమె ఏం చెబుతున్నదో ఆమెకు చదివి వినిపించకుండా వేలిముద్ర వేయనివ్వకండి.

ఫోనులో చూసుకునే విషయం. యు.ఏ.ఎన్.కు ముడిపెట్టిన ఫోను నుంచి 9966044425కు మిస్డ్ కాల్ ఇస్తే ఖాతాలో నిల్వ ఎంతో మెసేజి వస్తుంది. ఖర్చులేదు, చదువురానివాళ్లు కూడా చేయగలరు. మంచిదే. కాని ఆ మెసేజిలో తేదీలు రావు. తేదీలు కావాలంటే ఆన్‌లైన్‌లో సర్వీసు వివరాల పేజీ తెరిచి చూడాలి, పాస్‌బుక్‌లో నెలనెలా జమ పడిందా చూడాలి. ఏ నెల ఖాళీగా ఉందో, ఆ నెల ఆమె ఆకు తీసుకున్నదో లేదో పక్కపక్కన పెట్టి చూడాలి. ఇంకోటి, ఆ ఫోను ఎవరిది? చాలామంది ఖాతాలకు కొడుకు ఫోనో, అల్లుడి ఫోనో, ఇంటర్నెట్ సెంటరువాడి ఫోనో ముడిపడి ఉంది. ఓటీపీ ఎవరికి పోతే ఖాతా వాళ్లదే. ఈ తప్పు అన్నిటికంటే ముందు దిద్దించండి.

నామినేషన్ గురించి రెండు మాటలు చెప్పాలి, ఎందుకంటే చట్టంలో మనకు అనుకూలంగా ఉన్న ఒక చిన్న సంగతి ఎవరికీ తెలియదు. పెళ్లికి ముందు రాసిన నామినేషన్ పెళ్లితో చెల్లకుండా పోతుంది. మళ్లీ రాయాలి. చాలామంది రాయరు. ఇక పి.ఎఫ్. పథకంలో స్త్రీ సభ్యురాలి కుటుంబం అంటే భర్త, పిల్లలు, ఆమెపై ఆధారపడిన తల్లిదండ్రులు, అత్తమామలు. కానీ ‘నా భర్తను నా కుటుంబంలోంచి మినహాయించండి’ అని ఆమె కమిషనరుకు రాతపూర్వకంగా ఇస్తే చాలు, అతన్నీ, అతని తల్లిదండ్రులనూ తీసేస్తారు. కారణం చెప్పనక్కర్లేదు, విడాకుల కాగితం చూపనక్కర్లేదు. మగ సభ్యుడు భార్యను అట్లా తీసేయలేడు. ఆమెకు మనోవర్తి హక్కు పోయిందని రుజువు చేస్తేనే వీలవుతుంది. వదిలేసిపోయిన భర్త పేరు ఖాతాలో ఇంకా వేలాడుతున్న స్త్రీలు మీ ఊళ్లలో ఎంతమంది ఉన్నారో మీకు తెలుసు. ఆ ఒక్క కాగితం రాయించండి.

చివరగా నాకు ఇంకా తెగని విషయం ఒకటి మీ ముందు పెడతాను. ఒకరి కార్డు మీద ఇంకొకరు చుట్టడం. అత్త పేర కార్డుంటుంది. అత్తకు చూపు మందగించింది. పదకొండేళ్లుగా చుట్టేది కోడలు. కంపెనీ కోడలికి కార్డు ఇవ్వలేదు, కార్డు ఇస్తే ఇంకో పి.ఎఫ్. కట్టాలి గదా. జమ అంతా అత్త ఖాతాలో. పెన్షన్ అత్తకే. రేపు అత్త పోతే ఆ డబ్బు ఆమె పిల్లలకు, భర్తకు. కొడుకు బతికున్నంతకాలం కోడలు ఆ కుటుంబం లెక్కలోకే రాదు, కొడుకు చనిపోయి విధవరాలైతేనే వస్తుంది. ఆ కోడలు మన ఆఫీసుకు వచ్చి, “నేను చేసిన పని నా పేరు మీదికి మార్చరాదా అక్కా?” అని అడిగింది. పేరులో అక్షరం దిద్దడానికి ఫారం ఉంది, తేదీ దిద్దడానికి ఫారం ఉంది. మనిషినే మార్చి రాసినదాన్ని దిద్దడానికి ఫారం లేదు. అత్త పేరు తప్పని చెప్పలేం, అత్త చుట్టలేదని రాసిస్తే అత్త పెన్షన్ పోతుంది. చివరికి మేం చేయగలిగింది ఇంతే: ఆ కంపెనీ మీద పట్టుబట్టి ఆమెకు వేరే కార్డు ఇప్పించాం. ఇకముందు సంవత్సరాలు ఆమెవి. వెనకటి పదకొండేళ్లు ఎక్కడా లేవు. ఇట్లా కార్డు లేకుండా చుట్టేవాళ్ల జాబితా ఊరూరా తయారు చేయాలని నా ప్రతిపాదన. దీని మీద మీ అభిప్రాయాలు చెప్పండి. కార్డుల కోసం అడగడం మొదలుపెడితే కంపెనీ ఉన్న కార్డులకు కూడా ఆకు తగ్గిస్తుందని భయపడేవాళ్లు ఉన్నారు. ఆ భయం ఉట్టిది కాదు. అయినా మాట్లాడుకోవాలి.

భోజనాల తర్వాత కాగితాలు తెచ్చినవాళ్లవి ఇక్కడే చూద్దాం. ఒక తెల్లకాగితం తీసుకుని ఆధార్, బ్యాంకు పుస్తకం, పి.ఎఫ్. రికార్డు, పాత చీటీ, ఈ నాలుగింట్లో పేరూ తేదీలూ ఎట్లా ఉన్నాయో పక్కపక్కన అక్షరం అక్షరం దింపండి. మీ నోటితో చదవకండి, ఎవరి కాగితమో ఆమెనే అడగండి. ప్రతినెలా 27న పి.ఎఫ్. అధికారులు జిల్లాల్లో ‘నిధి ఆప్‌కే నికట్’ పేరుతో శిబిరం పెట్టి ఫిర్యాదులు తీసుకుంటారు. వచ్చే 27కు ఏయే ఊళ్ల నుంచి ఎవరెవరు వస్తున్నారో సాయంత్రంలోగా రాసివ్వండి. జిరాక్సులు రెండేసి సెట్లు. అసలు కాగితాలు ఎవరి చేతికీ ఇవ్వొద్దు.